ఆకులో కాల్చిన చేప: మన వంట చరిత్ర, మన నీటి హక్కు

చరిత్ర పుస్తకాల్లో రాజుల పేర్లు ఉంటాయి, యుద్ధాల తేదీలు ఉంటాయి. ఆ రాజుల కాలంలో కొండ మీద ఉన్నవాళ్లు ఏం తిన్నారు, దేనిలో వండుకున్నారు, ఆ తిండిని ఏ వాగు నుంచి తెచ్చుకున్నారు అనే సంగతులు మాత్రం ఉండవు. తిండి చరిత్ర కాదనే అభిప్రాయం మన పిల్లల్లో కూడా స్థిరపడిపోయింది. అది తప్పని చెప్పడానికి నేను ఒకే ఒక వంటను తీసుకుంటున్నాను. చేప కడుపులో పులుపు, కారం కూరి, ఆకులో చుట్టి, నిప్పుల్లో కాల్చే వంట. ఈ రోజు పెద్ద హోటళ్లలో ఇదే చేపను ఓవెన్‌లో పెట్టి, పింగాణీ పళ్లెంలో నిమ్మచెక్కతో వడ్డిస్తే ఖరీదైన భోజనం అంటున్నారు. మన ఊళ్లలో అది వాగు ఒడ్డున మధ్యాహ్నం ఆకలి తీర్చుకునే తిండి. ఈ రెండింటి మధ్య ఉన్న దూరంలో అడవి చట్టాలు, ఆనకట్టలు, గనులు అన్నీ కనిపిస్తాయి.

నిప్పు ముందు, కుండ తర్వాత

మనిషి చేపను కాల్చుకుని తినడం ఎప్పుడు మొదలుపెట్టాడు? ఇజ్రాయెల్ దేశంలో గెషర్ బెనోట్ యాకోవ్ అనే చోట పాత సరస్సు ఒడ్డున తవ్వకాలు జరిగాయి. అక్కడ దొరికిన కార్పు జాతి చేపల పళ్లను పరీక్షించి, అవి మండే మంటలో పడి మాడినవి కావనీ, అదుపులో ఉన్న వేడి మీద వండినవనీ శాస్త్రవేత్తలు 2022లో ప్రకటించారు. ఆ చేపల వయసు సుమారు 7 లక్షల 80 వేల ఏళ్లు. మన బొచ్చె, శీలావతి, పరిగెలు కూడా కార్పు కుటుంబానికి చెందినవే. మట్టికుండ మనిషి చేతికి వచ్చింది నిన్నమొన్న అనుకోవాలి. అంతకు ముందు లక్షల ఏళ్లు మనిషి వంట అంటే నిప్పు, వేడి రాయి, బూడిద, ఆకు, మట్టి పూత, బొంగు ఇవే.

కాబట్టి ఆకులో కాల్చడాన్ని కుండలు లేని వాళ్ల పేద వంటగా చూడటం సరికాదు. కుండ వచ్చాక కూడా నిలబడిన వంట అది. ప్రపంచమంతటా దీనికి చుట్టాలున్నారు. ఒడిశాలో పత్రపోడా ఉంది. బెంగాలీలు ఆవముద్ద పట్టించి అరిటాకులో చేసే పాతురి ఉంది. కేరళలో కరిమీనును మసాలాతో అరిటాకులో చుట్టి కాల్చే మీన్ పొళ్లిచ్చతు ఉంది. పార్శీల పెళ్లి భోజనంలో పచ్చడి పట్టించి ఆకులో ఆవిరి మీద ఉడికించిన చేప, పాత్రా నీ మచ్ఛీ, తప్పకుండా ఉంటుంది. ఫ్రెంచివాళ్లు కాగితంలో చుట్టి ఓవెన్‌లో పెడతారు. ఆకు మారింది, కాగితం వచ్చింది, రేకు వచ్చింది. పద్ధతి మాత్రం ఒకటే.

భాషలో కూడా దీని పాతదనం కనిపిస్తుంది. కోయభాషలో చేపను మీను అంటాం. తమిళంలో, మలయాళంలో, కన్నడంలో ఇదే మాట. తెలుగులో చేప అనే మాట స్థిరపడినా కొర్రమీనులో మీను అలాగే ఉండిపోయింది. ఇంటి దగ్గర మీను అని, బడిలో చేప అని పలికే పిల్లవాడు తప్పు మాట్లాడుతున్నాడని ఏ ఉపాధ్యాయుడూ అనుకోకూడదు. ద్రావిడ భాషల్లో అది ఎంతో పాత మాట.

వంట ఎలా చేస్తారు

చదివినవాళ్లు చేసుకోవడానికి వీలుగా పద్ధతి వివరంగా రాస్తున్నాను. కిలో లోపు కొర్రమీను దీనికి బాగుంటుంది. ముల్లు తక్కువ, కండ గట్టి. లేకపోతే మడుగుల్లో దొరికే వాలుగ, జెల్ల, చెరువు శీలావతి అయినా సరే. కొర్రమీను ఒంటి మీద జిగట ఉంటుంది. పొయ్యి బూడిద పట్టించి గరుకు రాయి మీద రుద్దితే జిగట, పొలుసు రెండూ పోతాయి. కడుపు దగ్గర చిన్నగా చీల్చి పేగులు తీయాలి. పిత్తం చితికితే చేపంతా చేదు, అందుకని ఆ పని నిదానంగా చేయాలి. తల తీయకూడదు. తల ఉంటే లోపల కూరినది బయటికి రాదు, చేప ఉడికిందో లేదో కన్ను చూసి చెప్పవచ్చు. రెండు పక్కలా మూడేసి గాట్లు పెట్టి, ఉప్పు, పసుపు రాసి కొంతసేపు ఉంచాలి.

కూరేది కాలాన్ని బట్టి మారుతుంది. ఎండాకాలం మొదట్లో చింతచిగురు. దాన్ని ఉల్లిపాయ, వెల్లుల్లి, పచ్చిమిరపకాయలు, ఉప్పుతో కలిపి కచ్చాపచ్చాగా దంచాలి. తర్వాత మామిడికాయ తురుము. వానాకాలంలో ఉడకబెట్టి వార్చిన లేత వెదురు కొమ్ముల తరుగు. ఏమీ లేని రోజుల్లో నానబెట్టిన చింతపండు, అల్లం. మిరపకాయ మన దేశానికి పోర్చుగీసువాళ్ల ఓడల్లో 16వ శతాబ్దంలో వచ్చింది. అంతకుముందు కారం అంటే మిరియం, అల్లం, పిప్పలి. పాడేరు వైపు పిప్పలి ఇప్పటికీ పండిస్తున్నారు. పాత రుచి ఎలా ఉండేదో తెలుసుకోవాలంటే ఒకసారి మిరపకాయ మానేసి, అల్లం, పిప్పలి దంచి వేసి చూడండి.

కూరిన చేప కడుపును సన్నటి వెదురు పుల్లలతో కుట్టాలి. తర్వాత ఆకు. అడ్డాకులు పెద్దవి, మందమైనవి, వేడికి తొందరగా చిరగవు. తడిపిన ఆకులు లోపల రెండు వరసలు, బయట రెండు వరసలు వేసి చేపను చుట్టి అడ్డనారతోనే కట్టాలి. అడ్డాకు లేని చోట అరిటాకును సెగ చూపించి మెత్తబరిచి వాడవచ్చు. మంట మీద పెట్టకూడదు. మంట చల్లారి నిప్పులు ఎర్రగా కణకణలాడుతున్నప్పుడు వాటిని పక్కకు జరిపి, వేడి బూడిదలో చేపను పెట్టి, పైన బూడిద కప్పి, దాని మీద నిప్పులు పరవాలి. అరగంట నుంచి ముప్పావుగంట పడుతుంది. మధ్యలో ఒకసారి తిప్పాలి. బయటి ఆకు మాడి నల్లబడుతుంది. లోపలి ఆకు ముదురు ఆకుపచ్చగా మారి చేపకు అంటుకుంటుంది. చేప కన్ను తెల్లగా గుడ్డులా అయితే ఉడికినట్టు. చుక్క నూనె అక్కర లేదు.

ఇందులో సైన్సు పాఠం కూడా ఉంది. చేపలో, తడి ఆకులో ఉన్న నీరు ఆవిరై బయటికి పోలేక లోపలే తిరుగుతుంది. నీరు ఉన్నంతసేపు లోపలి వేడి 100 డిగ్రీల దగ్గర ఆగుతుంది. బయట నిప్పులు కొన్ని వందల డిగ్రీలున్నా చేప మాడదు. ఓవెన్‌లో 200 డిగ్రీల దగ్గర రేకులో చుట్టి పెట్టిన చేప అరగంటలో ఉడకడానికి కారణం ఇదే. ఏడో తరగతి పిల్లలకు ఉష్ణం పాఠం చెప్పేటప్పుడు థర్మామీటరు లేకపోయినా ఈ వంట చాలు.

ఊరంతా కలిసి వాగును పట్టిన రోజు మా వైపు చేపలను ఇంటికో వంతుగా పంచుతారు. నీళ్లలోకి దిగలేని ముసలివాళ్ల ఇంటికి, మగదిక్కు లేని ఇంటికి కూడా వంతు వెళుతుంది. ఆకులో చుట్టిన చేపను పంచడం తేలిక. పట్టినవాడిదే చేప అనే లెక్క తర్వాత వచ్చింది.

గ్రంథాల్లో ఉన్నదీ, లేనిదీ

కళ్యాణి చాళుక్య రాజు మూడో సోమేశ్వరుడు 12వ శతాబ్దంలో సంస్కృతంలో మానసోల్లాసం అనే గ్రంథం రాశాడు. అందులో చేపల రకాలు, వాటికి వేసే ఎరలు, గాలం వేసే పద్ధతి, వంటలు ఉన్నాయి. రాజుకు చేపలు పట్టడం వినోదం కాబట్టి దానికి ఆ గ్రంథంలో మత్స్యవినోదం అని పేరు పెట్టారు. మనకు అది బతుకు కాబట్టి ఎవరూ గ్రంథం రాయలేదు. రాజుకు ఆ చేపల సంగతులు ఎక్కడి నుంచి వచ్చి ఉంటాయో ఆలోచించండి. నీళ్లలో నిలబడినవాడే చెప్పి ఉండాలి.

బ్రిటిషు కాలంలో మన గురించి రాసినవాళ్లు ఉన్నారు. 1909లో అచ్చయిన ఎడ్గర్ థర్స్టన్ ఏడు సంపుటాల గ్రంథంలో బగతలను మంచినీటి చేపలు పట్టేవారిగా, పొడవాటి ఈటెతో చేపను పొడవడంలో నేర్పరులుగా వర్ణించారు. గోదావరి కొండల్లోని కొండరెడ్ల మధ్య తిరిగిన హైమండార్ఫ్ 1945లో వారి మీద ఒక పుస్తకం ప్రచురించాడు. ఇవి ఉపయోగపడే పుస్తకాలే. కానీ రాసినవాళ్లు బయటివాళ్లు. మావు ఎలా అల్లుతారు, ఊత ఏ లోతులో పనిచేస్తుంది, ఏ నెలలో ఏ చేప ఎదురెక్కుతుంది అనే జ్ఞానం ఇంకా ముసలివాళ్ల నోట్లోనే ఉంది. వాళ్లతో పాటు అది కూడా వెళ్లిపోతోంది.

వాగు మీదికి చట్టం వచ్చింది

1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. రిజర్వు చేసిన అడవిలో నిబంధనలకు విరుద్ధంగా వేటాడినా, చేపలు పట్టినా, నీటిలో విషం కలిపినా, ఉచ్చులు పన్నినా నేరమని ఆ చట్టం చెప్పింది. 1927 భారత అటవీ చట్టంలోనూ ఇదే వరస ఉంది. అడవిలో చెట్టుతో పాటు వాగు కూడా, వాగుతో పాటు చేప కూడా సర్కారుదైంది. చేప పట్టుకోవడం అదే, పట్టే మనిషి కూడా అతనే. కానీ ఆ రోజు నుంచి అతను అనుమతి లేకపోతే నేరస్థుడు. మన్యంలో పితూరీలు ఎందుకు వచ్చాయో చెప్పేటప్పుడు పోడు గురించి, కల్లు పన్ను గురించి చెబుతాం. వాగు గురించి కూడా చెప్పాలి.

1897లో భారత మత్స్య చట్టం వచ్చింది. నీటిలో మందుగుండు పేల్చడాన్ని, విషం కలపడాన్ని అది నిషేధించింది. ఇందులో మనం నిజాయితీగా ఒక సంగతి ఒప్పుకోవాలి. మంగకాయ లాంటివి నలగ్గొట్టి మడుగులో కలిపి చేపలకు మత్తెక్కించే పద్ధతి చాలా గిరిజన ప్రాంతాల్లో ఉండేది. అది ఎండాకాలం నిలిచిపోయిన చిన్న మడుగులకు పరిమితం. పారే నీటిలో ఆ మత్తు నిలవదు. ఇప్పుడు కొందరు యువకులు బ్లీచింగ్ పౌడరు చల్లుతున్నారు, తూటాలు పేలుస్తున్నారు. ఇది సంప్రదాయం కాదు. పిల్లచేప, గుడ్డు, పీత, నత్త అన్నీ చచ్చిపోతాయి. ఆ నీళ్లే కింది ఊరివాళ్లు తాగుతారు. ఆ విషయంలో 1897 చట్టం చెప్పింది న్యాయమే.

కానీ అదే చట్టం వాగుకు అడ్డంగా కట్టే కట్లను, నాటిన మావులను, వలల కళ్ల కొలతలను నియంత్రించే అధికారాన్ని కూడా ప్రభుత్వానికి ఇచ్చింది. మన వెదురు కట్టు వర్షం వస్తే కొట్టుకుపోతుంది. దాని సందుల్లోంచి చిన్న చేప దాటిపోతుంది. అప్పటికే ధవళేశ్వరం దగ్గర గోదావరికి అడ్డంగా రాతి ఆనకట్ట ఉంది. 1852లో అది పూర్తయింది. సముద్రం నుంచి గుడ్లు పెట్టడానికి ఎదురీదే పులస ఆ గోడ దగ్గర ఆగిపోవలసి వచ్చింది. ఇలాంటి ఆనకట్టలు చేపల దారిని ఎలా అడ్డుకుంటున్నాయో ఫ్రాన్సిస్ డే అనే అధికారి 1873లోనే నివేదిక రాశాడు. డెల్టాకు నీళ్లిచ్చిన ఆ ఆనకట్ట లక్షల మందికి అన్నం పెట్టింది, కాదనలేం. ఎగువన ఉన్నవాళ్ల విస్తరిలోంచి ఏం తీసిందో కూడా అదే పేజీలో రాయాలి కదా.

డ్యాముల కింద వాగులు

స్వాతంత్ర్యం వచ్చాక మాచ్‌ఖండ్ జలవిద్యుత్ కేంద్రం 1955లో ప్రారంభమైంది. తర్వాత సీలేరు, డొంకరాయి, బలిమెల. కరెంటు పట్నాలకు వెళ్లింది. సీలేరు శబరిలో, శబరి కూనవరం దగ్గర గోదావరిలో కలుస్తాయి. పైన గేటు మూస్తే కింద మడుగు ఎండుతుంది. గేటు ఎత్తితే మావులు, వలలు కొట్టుకుపోతాయి. వాన చూసి, నీటి రంగు చూసి చేప కదలికను చెప్పగలిగిన మనిషికి గేటు ఎప్పుడు ఎత్తుతారో తెలియదు. రిజర్వాయర్లలో బొచ్చె, శీలావతి పిల్లలను వదులుతారు. అవి మంచి చేపలే. కానీ రాళ్ల మధ్య పారే నీటిలో మాత్రమే బతికే మన చిన్న చేపలకు నిలవ నీరు ఇల్లు కాదు.

ఇప్పుడు పోలవరం. 2014లో రాష్ట్ర విభజనతో అది జాతీయ ప్రాజెక్టు అయింది. దాని కోసమే ఖమ్మం జిల్లా మండలాలను ఆంధ్రప్రదేశ్‌లో కలిపారు. పూర్తి నీటిమట్టం 45.72 మీటర్లు, మొదటి దశ 41.15 మీటర్లు. లక్షకు పైగా కుటుంబాలు కదలాలి. వారిలో పెద్ద భాగం కోయలు, కొండరెడ్లు. 2022 జూలైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటినప్పుడు ఆ మండలాల్లో ఊళ్లకు ఊళ్లు మునిగాయి. వెళ్లక తప్పదని చాలామందికి అప్పుడే అర్థమైంది.

పరిహారం లెక్కలో భూమి ఉంది, ఇల్లు ఉంది, చెట్లు ఉన్నాయి. రోజూ వాగు నుంచి వచ్చిన కూర ఆ లెక్కలో ఎక్కడుంది? కాలనీలో చేప కావాలంటే కొనాలి. ఆకు కావాలన్నా కొనాలి. పొయ్యి లేదు, గ్యాసు ఉంది. అడ్డాకు, కొర్రమీను, చింతచిగురు మూడూ ఊరికే దొరికిన మనిషికి ఒక పూట కూర ఇప్పుడు ఒక రోజు కూలి తినేస్తుంది. నిర్వాసితుల ఇళ్లలో పిల్లల పౌష్టికాహారం గురించి మాట్లాడేవాళ్లు ముందు ఈ లెక్క వేయాలి.

ఆకు నుంచి రేకుకు

హోటల్ చేపను చుట్టే రేకు అల్యూమినియం. అల్యూమినియం బాక్సైటు నుంచి వస్తుంది. బాక్సైటు మన కొండల నెత్తిన ఉంది. ఒడిశాలోని కోరాపుట్ జిల్లాలో పంచపట్‌మలి కొండ మీద గని, దామంజోడిలో శుద్ధి కర్మాగారం ఉన్నాయి. వాటిని నడిపే నాల్కో సంస్థ 1981లో ఏర్పడింది. ఇటువైపు విశాఖ మన్యంలో చింతపల్లి, జెర్రెల కొండల కోసం 2015లో జీవో 97 వచ్చింది. జనం ఎదిరించారు. 2019లో ఆ జీవో రద్దయింది. అంతకుముందు 1997లో సమత కేసులో సుప్రీంకోర్టు షెడ్యూల్డు ప్రాంతాల్లో గిరిజనేతరులకు గనుల లీజులు చెల్లవని తీర్పు ఇచ్చింది. బాక్సైటు ఉన్న కొండ స్పంజిలాగా వాన నీటిని పట్టి ఉంచి, ఎండాకాలం ఊటగా వదులుతుంది. కొండ నెత్తి తవ్వితే కింద వాగు ఎండుతుంది, వాగు ఎండితే చేప లేదు. ఆకు తీస్తే అడ్డతీగ మళ్లీ చిగురిస్తుంది. రేకు కోసం తవ్విన కొండ మళ్లీ పెరగదు.

ఇంకో చిన్న సంగతి. పులుపు, ఉప్పు తగిలితే రేకులోని లోహం కొద్దికొద్దిగా తిండిలోకి దిగుతుంది. చింతచిగురు కూరిన చేపకు ఆకే తగినది. కాలనీలో నిప్పులు లేకపోతే అరిటాకులో చుట్టి, దోసె పెనం మీద పెట్టి మూత వేసి, సన్నని సెగ మీద ఒక్కో పక్క పన్నెండు, పదిహేను నిమిషాలు ఉంచండి. పొగ వాసన రాదు, రుచి మాత్రం దగ్గరగానే ఉంటుంది.

మన చేతిలో ఉన్న చట్టం

చట్టం మన మీదికే కాదు, మన చేతికి కూడా వచ్చింది. 1996 పెసా చట్టం షెడ్యూల్డు ప్రాంతాల్లో చిన్న నీటి వనరుల ప్రణాళిక, నిర్వహణ పంచాయతీలకు అప్పగించాలని చెప్పింది. 2006 అటవీ హక్కుల చట్టం సెక్షన్ 3(1)(డి) ఇంకా స్పష్టంగా మాట్లాడుతుంది. చేపలు, ఇతర నీటి ఉత్పత్తుల మీద హక్కు సామూహిక హక్కు అని అందులో రాసి ఉంది. పోడు పట్టా కోసం వ్యక్తిగత దరఖాస్తు పెట్టినవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉన్నారు. సామూహిక హక్కుల కోసం పెట్టే ఫారం బిలో చేపలు, నీటి వనరులకు ఒక గడి ఉందన్న సంగతి చాలామందికి తెలియదు. ఆ గడి ఖాళీగా వదిలేస్తున్నారు. గ్రామసభ కూర్చుని ఏ వాగు, ఏ మడుగు, ఏ చెరువు, ఏ కాలంలో వాడుకుంటున్నామో పేర్లతో సహా అందులో రాయాలి.

2013 భూసేకరణ చట్టం సెక్షన్ 41 పదో ఉపసెక్షన్ చదవండి. ముంపు ప్రాంతంలో నదిలో గానీ చెరువులో గానీ చేపల హక్కు ఉన్న షెడ్యూల్డు తెగలు, షెడ్యూల్డు కులాలు, ఇతర సంప్రదాయ అటవీ నివాసులకు ఆ ప్రాజెక్టు రిజర్వాయరులో చేపల హక్కు ఇవ్వాలని అది చెబుతుంది. హక్కు ఉన్నవాళ్లకే ఇస్తారు. మనకు హక్కు ఉండేదని ఎవరు చూపిస్తారు, దేనితో చూపిస్తారు? ఇక్కడే ఈ వ్యాసం మొదట్లో చెప్పిన మాట అవసరమవుతుంది. మడుగుల పేర్లు, చేపల పేర్లు, మావుల రకాలు, పంపకం వంతులు, ఆకులో చేప వంట ఇవన్నీ ఆ నీటితో మన సంబంధానికి సాక్ష్యాలు. రాసి పెట్టుకుంటే సాక్ష్యం, లేకపోతే ముసలివాళ్ల ముచ్చట.

అందుకని ఉపాధ్యాయులకు ఒక పని చెబుతున్నాను. మీ బడి పిల్లలతో ఊరి చుట్టూ ఉన్న ప్రతి వాగు, ప్రతి మడుగు పేరు ఒక పటం మీద రాయించండి. పిల్లలు ఇంటికి వెళ్లి అవ్వలను, తాతలను అడిగి చేపల పేర్లు కోయలో, కువిలో, సవరలో, కొండరెడ్ల వాడుకలో ఏది ఉంటే దానిలో తేవాలి. ఏ చేప ఇప్పుడు కనిపించడం లేదో పక్కన గుర్తు పెట్టాలి. చెప్పిన పెద్దల పేరు, వయసు, తేదీ రాయాలి. ముంపులోకి వెళ్లే ఊళ్లలో ఈ పని ముందుగా జరగాలి. నీళ్లు వచ్చాక పటం గీయడానికి వాగు ఉండదు.

యువతకు ఒక మాట. అరకులో, మారేడుమిల్లిలో బొంగు చికెన్ పేరుతో రోడ్డు పక్కన వ్యాపారం ఎంత పెరిగిందో చూస్తున్నారు. రేపు ఆకు చేపకు కూడా బోర్డు కడతారు. ఆ బోర్డు మన సంఘాలే కట్టాలి. చేప మన వాగుదై ఉండాలి, ఆకు మన అడవిదై ఉండాలి, లెక్క మన పుస్తకంలో ఉండాలి. ఆ వాగుకు ఫారం బిలో గ్రామసభ తీర్మానం ఉంటే ఆ వ్యాపారం రేపు కూడా మనదే. ఈ నెల గ్రామసభలో మీ వాగు పేరు రాయించండి.